మా ఇంటి గోడ మీద మునుగోడు

పోయిన ఎండాకాలం ఊళ్లో మా పాత ఇల్లు కూలగొట్టించాం. మట్టిగోడలు, గూన పెంకులు, దూలాలకు చెదలు. ఇక నిలబడదని అందరం అనుకున్నాకే పని మొదలుపెట్టించాం. వీధివైపు గోడకు గడ్డపార తగలగానే సున్నం పెచ్చులు పెచ్చులుగా రాలింది. పై పొరలో వెలిసిపోయిన కారు బొమ్మ. దాని కింద నీలిమందుతో గీసిన హస్తం. ఆ కింద మళ్లీ హస్తం, ఈసారి వేళ్లు కొంచెం లావుగా. అన్నిటికన్నా అడుగున జాజుతో గీసిన ఆవు, దాని పొదుగు దగ్గర దూడ.

పనికి వచ్చిన పిల్లవాడు గడ్డపార పక్కన పెట్టి, "సార్, ఇదేం గుర్తు? ఏదన్నా పాల డెయిరీదా?" అని అడిగాడు. 1972లో కాంగ్రెస్ గుర్తు అదేనని చెప్తే నమ్మలేదు. ఫోన్లో ఫోటో తీసుకున్నాడు. నేను కూడా తీసుకున్నాను. మధ్యాహ్నానికి ఆ గోడ మట్టికుప్ప అయిపోయింది. అప్పటినుంచి ఇది రాయాలని మనసులో ఉంది.

మాది నల్గొండ జిల్లా మునుగోడు నియోజకవర్గం, మర్రిగూడ వైపు. బయటివాళ్లకు ఈ పేరు 2022 ఉప ఎన్నిక అప్పుడే తెలిసింది. టీవీలవాళ్లు వచ్చి నెలరోజులు ఉన్నారు, వెళ్లిపోయారు. కానీ మా తాత, మా నాయిన, మా పెద్దనాయిన కొడుకు, నేను ఒకరి తర్వాత ఒకరం ఓట్లు వేస్తూ వచ్చిన కథ దానికి చాలా ముందుది. అది మొదటినుంచీ నీళ్ల కథే.

తాత సంఘం మనిషి. ఆంధ్ర మహాసభను మా ఊళ్లో "సంఘం" అనే అనేవాళ్లు. రజాకార్ల కాలంలో రాచకొండ గుట్టల్లో తలదాచుకున్న రోజుల గురించి చెప్పమంటే ఎక్కువ చెప్పేవాడు కాదు. 1952 ఓటు గురించి మాత్రం అడక్కపోయినా చెప్పేవాడు. అప్పట్లో బ్యాలెట్ మీద ముద్ర వేయడం లేదు. ఒక్కో అభ్యర్థికి ఒక్కో పెట్టె, పెట్టె మీద గుర్తు అంటించి ఉండేది. చేతికిచ్చిన కాగితం తెర వెనక్కి తీసుకెళ్లి మనవాడి పెట్టెలో వేయాలి. "గంటసేపు నిలవడ్డ. లోపలికి వొయినంక మా పెట్టె మీద చెయ్యి వెట్టి చూసుకున్న, ఆ తర్వాతే కాయితం ఏసిన" అనేవాడు. హైదరాబాద్ రాష్ట్రంలో కమ్యూనిస్టు పార్టీ మీద నిషేధం ఉండటంతో ఆ ఎన్నికల్లో వాళ్లు పీపుల్స్ డెమోక్రటిక్ ఫ్రంట్ (పీడీఎఫ్) పేరుతో నిలబడ్డారు. నల్గొండ లోక్‌సభ నుంచి రావి నారాయణరెడ్డి గెలిచారు. ఆయనకు నెహ్రూ కన్నా ఎక్కువ ఓట్లు వచ్చాయి. ఈ మాట చెప్పేటప్పుడు తాత కూర్చున్నచోటే కొంచెం నిటారుగా అయ్యేవాడు.

అప్పటికి మునుగోడు నియోజకవర్గం లేదు. మా ప్రాంతంలో చిన్నకొండూరు అనే నియోజకవర్గం ఉండేది. ఇప్పుడది చౌటుప్పల్ మండలంలో ఒక ఊరు. 1965లో అక్కడ జరిగిన ఉప ఎన్నికలో కొండా లక్ష్మణ్ బాపూజీ గెలిచారు. అంటే ఉప ఎన్నిక మా ప్రాంతానికి కొత్త కాదన్నమాట. 1967లో చిన్నకొండూరు పోయి మునుగోడు వచ్చింది. మొదటి ఎమ్మెల్యే కాంగ్రెస్ నుంచి పాల్వాయి గోవర్ధన్‌రెడ్డి. ఆయనే 1972లో, 1978లో, 1983లో మళ్లీ గెలిచారు. నా చిన్నతనంలో ఎమ్మెల్యే అంటే పాల్వాయి, పాల్వాయి అంటే ఎమ్మెల్యే. అది పదవి పేరని, ఇంకొకరికి కూడా రావచ్చని నాకు చాలా ఆలస్యంగా తెలిసింది.

నాయిన కాంగ్రెస్. తాతేమో చచ్చేదాకా కంకి కొడవలి. ఒకే ఇంట్లో రెండు పార్టీలు. ఎన్నికలు రాగానే గోడ పంచాయితీ మొదలయ్యేది. నాయినమ్మ తీర్పు చెప్పింది: వీధివైపు గోడ కొడుకుది, కొట్టం గోడ మొగుడిది. ఆ ఒప్పందాన్ని ఇద్దరూ ఎప్పుడూ తప్పలేదు. వీధిలో వెళ్లేవాళ్లకు మా ఇల్లు కాంగ్రెస్ ఇల్లు. బర్లకు మాత్రం కమ్యూనిస్టు ఇల్లు. కొట్టం గోడ ఎప్పుడో తొంభైల వానల్లోనే కూలింది. అందుకే పోయిన ఎండాకాలం కంకి కొడవలి ఎక్కడా బయటపడలేదు. ఆ ఖాళీ నాకు ఒక్కడికే కనిపించింది.

1978 నాకు గుర్తున్న మొదటి ఎన్నిక. ఎనిమిదేళ్లవాణ్ణి. ఆవు దూడ పోయి హస్తం వచ్చిన ఏడాది. పెద్దవాళ్లకే తికమక. 1967లో కాడెద్దులు, 1972లో ఆవు దూడ, ఇప్పుడు చెయ్యి. ఒక ముసలవ్వ నాయినను పట్టుకుని, "ఎడ్లు వాయె, ఆవు వాయె, ఇంగ చెయ్యొక్కటే మిగిలెనా బిడ్డా?" అని అడిగింది. కరువుకు పశువులమ్ముకున్న ఊళ్లో ఆ మాటకు నవ్వినవాళ్లు తక్కువ.

జీపు వస్తే పిల్లలమంతా దాని దుమ్ములో పడి ఉరికేవాళ్లం. రేకు బిళ్లలు, రంగు కాయితాలు విసిరేవాళ్లు. అందరికన్నా ముందు ఉరికేది మా పెద్దనాయిన కొడుకు. నాకన్నా నాలుగేళ్లు పెద్ద. వాడి చేతికి దొరకని బిళ్ల లేదు. ఏ పార్టీదైనా సరే అంగీ నిండా పెట్టుకుని తిరిగేవాడు. గోడల మీద రాసేవాళ్లు వస్తే నీలిమందు డబ్బా మోసేది వాడే. వీధి గోడ మీద లావు వేళ్ల హస్తం ఉందని చెప్పాను కదా, దాని బొటనవేలు వాడు గీసిందే. రాసేవాడు బీడీకి వెళ్తే కుంచె తీసుకుని పూర్తి చేశాడు. అప్పుడు వాడి కాళ్లు బాగానే ఉండేవి. మోకాళ్లు కొంచెం దగ్గరగా వచ్చినట్టు ఉండేవేమో, ఎవరం పట్టించుకోలేదు.

మా ఊరి నీళ్ల గురించి ఇక్కడే చెప్పాలి. 1972 కరువులో చేదబావులు ఎండిపోతే బోర్లు వేశారని అమ్మ చెప్పేది. ఊరి నడుమ బోరింగు పడ్డ రోజు కొబ్బరికాయ కొట్టి, పసుపు రాసి, పండగ చేశారట. నీళ్లు చల్లగా, తేటగా ఉండేవి. మా నేలకింద ఉన్నది గ్రానైటు రాయి. ఆ రాతిలోని ఫ్లోరైడ్ నీళ్లలోకి దిగుతుంది. ఎంత లోతుకు పోతే సాధారణంగా అంత ఎక్కువ. లీటరు నీటిలో ఒకటిన్నర మిల్లీగ్రాము దాటకూడదంటారు. మా వైపు చాలా బోర్లలో అది ఎన్నో రెట్లు ఉండేది. దాహానికి మొక్కి తెచ్చుకున్న బోరింగే ఊరి పిల్లల పళ్ల మీద గార కట్టింది, ఎముకలు వంచింది. బడిలో నవ్వమంటే అరచెయ్యి నోటికి అడ్డం పెట్టుకునేవాళ్లం. ఆ అలవాటు నాకు ఇప్పటికీ పోలేదు, పెళ్లి ఫోటోలో కూడా పెదాలు మూసుకునే ఉన్నాను.

పటిక, సున్నం కలిపి ఫ్లోరైడును కిందికి దింపే పద్ధతి ఒకటి ఉంది. నాగపూర్‌లోని పర్యావరణ పరిశోధన సంస్థ నీరి వాళ్లు కనిపెట్టారు. దానికి ప్రపంచమంతా వాడే పేరు "నల్గొండ టెక్నిక్". పాఠాలు చెప్పేటప్పుడు పిల్లలకు ఈ సంగతి చెప్పాలంటే నాకు గొంతు పట్టేసేది. ఒక జిల్లా పేరు పుస్తకాల్లోకి ఎక్కడానికి ఎన్ని దారులుంటాయి! మాకు ఈ దారి దొరికింది.

1983 జనవరిలో రాష్ట్రమంతా సైకిల్ గాలి. ఎన్టీఆర్ గెలిచారు. మునుగోడులో మాత్రం పాల్వాయే నిలిచారు. నాయిన వారం రోజులు మీసం మీద చెయ్యి తియ్యలేదు. 1985 మార్చిలో తెలుగుదేశం, కమ్యూనిస్టులు పొత్తు పెట్టుకున్నారు, మా సీటు సీపీఐకి వదిలారు. ఉజ్జిని నారాయణరావు గెలిచారు. ఈసారి వంతు తాతది. ఆయనకు మీసాలు లేవు. కొట్టం గోడకు మళ్లీ జాజు రాయించి, దాని ముందు మంచం వేసుకుని పడుకున్నాడు. నారాయణరావు 1989లోనూ, 1994లోనూ గెలిచారు. మూడుసార్లు వరసగా.

1989 నా మొదటి ఓటు. అదే ఏడాది ఓటు వయసు 21 నుంచి 18కి తగ్గించారు. లేకపోతే పంతొమ్మిదేళ్ల నాకు ఆగాల్సి వచ్చేది. ముందురోజు రాత్రి తాత ఒక పక్క, నాయిన ఒక పక్క కూర్చుని, ఇద్దరూ నన్నేమీ అడగలేదు. ఆ అడగకపోవడమే పెద్ద టెన్షన్. చివరికి తాతే అన్నాడు: "నీళ్లిచ్చెటోనికి ఎయ్యి. ఇయ్యాల్టిదాకా ఎవడియ్యలే. ఎవడో ఒకడు ఇయ్యకపోతడా అని ఏస్తున్నం." ఎవరికి వేశానో ఇద్దరికీ చెప్పలేదు, ఇక్కడా చెప్పను.

తాత 1993లో పోయాడు. పోయే ముందు రెండేళ్లు వెల్లకిలా పడుకోలేకపోయాడు, నడుము తిరిగేది కాదు. పెద్దనాయిన కొడుకుకు అప్పటికే కర్ర వచ్చింది. ఇరవై ఏడేళ్లకు కర్ర!

1996 గురించి చెప్పకపోతే మా ప్రాంతపు కథ సగమే. ఆ లోక్‌సభ ఎన్నికల్లో నల్గొండ నుంచి 480 మంది పోటీలో మిగిలారు. నీళ్ల కోసం పోరాడుతున్న జలసాధన సమితి, దాని నాయకుడు దుశ్చర్ల సత్యనారాయణ పిలుపు మీద ఊళ్ల నుంచి మామూలు మనుషులు వెళ్లి నామినేషన్లు వేశారు. గెలవడానికి కాదు. మా నీళ్ల సంగతి ఢిల్లీదాకా వినబడాలని. డిపాజిట్ అప్పుడు 500 రూపాయలు. కూలికి పోయేవాళ్లకు 500 అంటే ఎంతో ఆలోచించండి. మా ఊళ్లో చందాలేసి ఇద్దరిని పంపారు. పోలింగ్ వాయిదా పడింది, ఎందుకంటే అంతమంది పేర్లతో బ్యాలెట్ పేపర్ కాగితంలా ఉండదు, పుస్తకంలా ఉంటుంది.

నేను అప్పటికి కొత్తగా టీచరునయ్యాను. పోలింగ్ డ్యూటీ పడింది. ఆ పుస్తకాల కట్టలు బస్సులోంచి దించుకుంటుంటే నా చేతులు నొప్పి పుట్టాయి, కానీ మనసులో ఒక రకమైన గర్వం. ఇన్నేళ్లూ ఊళ్లో బావి గట్టు మీద అనుకున్న మాట ఇప్పుడు బరువై నా చేతుల్లో ఉంది. ఒక్కో ఓటరు పేజీలు తిప్పుతూ గుర్తు వెతుక్కునేసరికి చాలా సమయం పట్టేది. చదువురానివాళ్లకు ఎంత కష్టమో! ఒక పెద్దాయన పుస్తకమంతా తిప్పి, మళ్లీ మొదటికి వచ్చి, "గింతమందికి గూడ దూపైతున్నదా?" అన్నాడు. దూప అంటే మా దగ్గర దాహం. బూత్‌లో ఉన్న ఏజెంట్లు కూడా ఎవరూ మాట్లాడలేదు.

ఆ ఎన్నికలో సీపీఐ నుంచి బొమ్మగాని ధర్మభిక్షం గెలిచారు. అదే ఏడాది తమిళనాడులోని మొడకురిచ్చి అసెంబ్లీ స్థానంలో 1,033 మంది పోటీ చేశారు. అక్కడా రైతుల నిరసనే. ఆ తర్వాత చట్టం మార్చి లోక్‌సభ డిపాజిట్ 10,000, అసెంబ్లీకి 250 నుంచి 5,000 చేశారు. నాకు ఇప్పటికీ బాధ అనిపించే సంగతి ఇది. నీళ్లకన్నా ముందు డిపాజిట్ పెంపు వచ్చింది. అలా మళ్లీ ఎవరూ పుస్తకం అచ్చువేయించలేని ఏర్పాటు ముందు జరిగింది.

1999లో పాల్వాయి మళ్లీ గెలిచారు. అదే ఆయన చివరి అసెంబ్లీ గెలుపు. 2017లో రాజ్యసభ సభ్యుడిగా ఉండగా చనిపోయారు. నాయిన ఆ వార్త టీవీలో చూసి లేచి వెళ్లి వీధి గోడ దగ్గర నిలబడ్డాడు.

2004 మా నాయినకు వింత ఏడాది. కాంగ్రెస్, సీపీఐ పొత్తు. మునుగోడు సీపీఐకి ఇచ్చారు. పుట్టి బుద్ధెరిగాక కాంగ్రెస్‌కు తప్ప వేరే పార్టీకి వేయని మనిషి కంకి కొడవలి మీట నొక్కాలి. పైగా మొదటిసారి మిషన్. బయటికి వచ్చి, "బీప్ అని సప్పుడైంది, మీ తాత నవ్వినట్టే ఉన్నది" అన్నాడు. పల్లా వెంకట్‌రెడ్డి గెలిచారు. 2009లో సీపీఐ అటు మారింది, తెలుగుదేశం, టీఆర్ఎస్‌లతో కలిసింది. ఉజ్జిని యాదగిరిరావు గెలిచారు. నాయిన హాయిగా తన చెయ్యికి తాను వేసుకుని ఓడిపోయాడు.

ఆ ఏళ్లలోనే కృష్ణా నీళ్లు హైదరాబాద్‌కు పోవడం మొదలైంది. సాగర్ రోడ్డు వెంట పెద్ద పెద్ద పైపులు. మనిషి వంగకుండా నడిచేంత పైపులు. దేవరకొండ వైపు బస్సులో వెళ్తే కిటికీలోంచి కనిపించేవి. పట్నంవాళ్లకు నీళ్లు వద్దని మేమెప్పుడూ అనలేదు, మా పిల్లలూ అక్కడే కూలీ చేసుకుంటున్నారు. కానీ పైపు పక్కనే పొలంలో వంగిన మోకాళ్లతో మనిషి నిలబడి ఉంటే చూడటం కష్టం. పెద్దనాయిన కొడుకు అప్పటికి ఇంటి గడప దాటడం మానేశాడు.

2014లో టీఆర్ఎస్ నుంచి కూసుకుంట్ల ప్రభాకర్‌రెడ్డి గెలిచారు. రాష్ట్రం వచ్చింది. 2015లో చౌటుప్పల్ దగ్గర ఇంటింటికీ నల్లా నీళ్ల పథకానికి పైలాన్ కట్టారు. అదే తర్వాత మిషన్ భగీరథ. 2016లో జిల్లాలు విడగొట్టినప్పుడు మా నియోజకవర్గం రెండు జిల్లాల్లో పడింది. చౌటుప్పల్, సంస్థాన్ నారాయణపురం యాదాద్రి భువనగిరికి పోయాయి. పుట్టపాక తేలియా రుమాళ్లు నేసే వాళ్లు ఒక జిల్లా, చండూరు మగ్గాలవాళ్లు ఒక జిల్లా, అందరికీ ఎమ్మెల్యే ఒక్కరే. 2018లో కాంగ్రెస్ నుంచి కోమటిరెడ్డి రాజగోపాల్‌రెడ్డి.

ఇక 2022. ఆయన రాజీనామా చేసి బీజేపీలో చేరడంతో నవంబరు 3న ఉప ఎన్నిక వచ్చింది. 47 మంది అభ్యర్థులు. ఊరికో ఎమ్మెల్యే వచ్చి మకాం పెట్టాడు. కొన్ని ఊళ్లకు మంత్రులే వచ్చారు. మా చిన్నప్పుడు అయిదేళ్లకోసారి జీపు దుమ్ము. ఇప్పుడు పొద్దున్న లేస్తే గుమ్మం ముందు పెద్ద కారు. భీవండి, సూరత్‌లలో మగ్గాల మీద ఉన్నవాళ్లను, హైదరాబాద్‌లో ఉన్నవాళ్లను బండ్లు పెట్టి తీసుకొచ్చారు. 93 శాతం పోలింగ్. కూసుకుంట్ల పదివేల పైచిలుకు మెజారిటీతో గెలిచారు. 2023లో రాజగోపాల్‌రెడ్డి మళ్లీ కాంగ్రెస్‌లోకి వచ్చి నలభై వేల పైన మెజారిటీతో గెలిచారు.

ఆ నెలరోజుల గురించి చాలామంది చాలా రాశారు, మేం అమ్ముడుపోయామని కూడా అన్నారు. డబ్బు వచ్చింది, కాదనను. మా వాకిట్లోకీ వచ్చింది. అమ్మ తీసుకోలేదు, పక్కింటివాళ్లు తీసుకున్నారు. వాళ్లను నేను తప్పుపట్టలేను. 1996లో 500 రూపాయలు చందాలేసుకుని ఢిల్లీకి కేక పెట్టిన ఊరు ఇది. ఆ కేక విన్నవాళ్లుంటే ఈ కవర్లు ఎందుకొస్తాయి?

నల్లా నీళ్లు వచ్చిన మాట నిజం. మా వీధికి కూడా వచ్చాయి. ఇప్పటి చిన్నపిల్లల పళ్లు తెల్లగా ఉన్నాయి. బడిలో వాళ్లు నోరంతా తెరిచి నవ్వుతుంటే నేను పాఠం ఆపి చూస్తూ ఉంటాను. పొలానికి నీళ్లు మాత్రం రాలేదు. ఎత్తిపోతలు, సొరంగాలు, రిజర్వాయర్లు, ఈ మాటలు నేను బడికి వెళ్లే రోజులనుంచీ వింటున్నాను. శ్రీశైలం నుంచి తవ్వే సొరంగం 2025 ఫిబ్రవరిలో కూలి ఎనిమిది మంది లోపల ఉండిపోయారు. ఎక్కడినుంచో పొట్టకూటికి వచ్చిన వాళ్లు. మా నీళ్ల కోసం పోయిన ప్రాణాలు. ఆ రోజుల్లో అమ్మ టీవీ దగ్గర నుంచి లేవలేదు.

2023 పోలింగ్ రోజు పెద్దనాయిన కొడుకును ఆటోలో తీసుకెళ్లాం. ఇంటినుంచే ఓటు వేయొచ్చు కదా అంటే వినలేదు. "బూతుకు పోవాలె" అన్నాడు. కుర్చీలో కూర్చోబెట్టి నేను, వాడి కొడుకు చెరో పక్క ఎత్తుకున్నాం. చిన్నపిల్లాడంత బరువున్నాడు. సిరా పెట్టే అమ్మాయి ఎడమచేతి చూపుడువేలు అడిగింది. వేళ్లు అరచేతిలోకి ముడుచుకుపోయి తెరుచుకోవు. ఆమె మెల్లగా ఆ వేలు పట్టుకుని, నొప్పి పుడుతోందేమోనని వాడి మొహం చూస్తూ, గోరు మీద గీత గీసింది. గోడ మీద హస్తానికి బొటనవేలు గీసిన చెయ్యి అదే.

ఇంటికొచ్చాక వదిన నల్లా తిప్పి చెంబు నింపి నోటికి పట్టింది. సగం తాగి ఆగాడు.

"ఇవి కృష్ణ నీళ్లేనా తమ్మీ?"

"అవునన్నా, కృష్ణ నీళ్లే" అన్నాను.

మిగతా సగం తాగాడు.